మనది ఎవరు వదిలారు?

నా చిన్నప్పుడు సైన్సంటే మా పెదనాన్నే. తొంభైల మొదట్లో, జగ్గయ్యపేట డాబాల మీద డిష్షులు కొత్తగా కనిపిస్తున్న రోజుల్లో, ఆయన మా ఇంట్లో మిగతావాళ్ళలా పప్పుల కొట్టులో కూర్చోకుండా టీవీలు బాగుచేసే షాపు పెట్టుకున్నారు. డిష్షు బిగించి, దాన్ని ఇంత అటూ ఇంత ఇటూ జరిపి బొమ్మ రప్పించేవారు. ఊళ్ళో అందరూ ఆయన్ని డిష్షు శెట్టిగారు అనేవాళ్ళు. వత్సవాయి నుంచి కూడా మనుషులొచ్చి స్కూటరు మీద ఎక్కించుకుని తీసుకెళ్ళేవాళ్ళు. ఆ పేరంటే ఆయనకి ఎంత మురిపెమో నాకప్పుడు తెలియదు. తెలిసుంటే కొంచెం జాగ్రత్తపడేదాన్నేమో.

బడి వదలగానే నేను ఆ షాపుకే పోయి స్టూలు మీద కూర్చునేదాన్ని. మా అమ్మ ఎన్నిసార్లు కేకలేసినా అంతే. ఆకాశంలో అంత ఎత్తున ఉండి డిష్షుకి బొమ్మ పంపే ఉపగ్రహం కింద ఎందుకు పడదు, దాన్ని పైకి ఎవరు తీసుకెళ్ళారు, అని అడిగిందే అడిగేదాన్ని. ఆయన ఒక్కసారి కూడా విసుక్కోలేదు. ఆ మాట చెప్పకపోతే నాకు పాపం తగులుతుంది.

తొమ్మిదో తరగతిలో ఉండగా నందిగామలో వక్తృత్వ పోటీ పెట్టారు. ఏ దేశం ఉపగ్రహాలను పైకి పంపడం ఎలా నేర్చుకుంది అన్నది విషయం. గెలిచినవాళ్ళని శ్రీహరికోట తీసుకెళ్ళి, రాకెట్లు ఎగిరే చోటు చూపిస్తామన్నారు. శ్రీహరికోటంటే సముద్రం ఒడ్డున ఉంటుందని పెదనాన్న చెప్పారు. నేనప్పటికి సముద్రం చూడలేదు. ముక్త్యాల దగ్గర కృష్ణని చూసి, ఇంతకన్నా పెద్ద నీళ్ళుంటాయా అనుకునేదాన్ని. ఇక నాకు నిద్ర పట్టలేదు.

నెల రోజులు ఆయనే నన్ను తయారుచేశారు. అవి ఎంత మంచి రోజులో చెప్పలేను. సోల్డరింగు వాసన మధ్య ఒక్కొక్క దేశాన్నీ మా వీధిలో కాపురాల్లాగా వర్ణించేవారు. అందరికన్నా ముందు రష్యావాళ్ళు పంపారు. అది చూసి అమెరికావాళ్ళు కంగారుపడి తమది లేపబోతే, లేచీ లేవకముందే కూలబడి తగలబడింది. నాలుగు రోజులు నవ్వులపాలై, మళ్ళీ కట్టి పంపారు. ఫ్రాన్సువాళ్ళు ఆఫ్రికా ఎడారికి వెళ్ళి అక్కడి నుంచి పంపారు. జపానువాళ్ళకి నాలుగుసార్లు తప్పింది, అయిదోసారికి దక్కింది. అదే ఏడాది చైనావాళ్ళు తమదానిలో పాట పెట్టి మరీ పంపారు. ఇదంతా నేను కళ్ళు పెద్దవి చేసుకుని విన్నాను.

చివరికి మన దేశం దగ్గరికి వచ్చాం. “మనది డెబ్బై అయిదులో వదిలారు,” అన్నారు. మా వైపు రాకెట్టుకీ ఉపగ్రహానికీ అదే మాట, వదలడం. ఎవరు వదిలారో ఆ మాటలో ఉండదు. నాకు అనుమానం వచ్చి కాదు, ఆశ కొద్దీ అడిగాను.

“మనవాళ్ళేనా పెదనాన్నా? జపానోళ్ళకి లాగా మనకీ ఎన్నిసార్లు పడింది?”

“మనవాళ్ళు కాక? మనది పడ్డమేంటే! ఒక్క దెబ్బకి ఎక్కింది,” అన్నారు. నా చేతిలోని నోటుబుక్కు తీసుకుని, పెన్సిలుతో తన గుండ్రటి అక్షరాల్లో తనే రాసిచ్చారు. మన గడ్డ మీద నుంచి, మన రాకెట్టుతో, మొదటిసారికే. ఆ వాక్యం దగ్గర గొంతు పెంచమన్నారు. నేను పెంచాను.

నందిగామలో ఒక బడి హాలు. ముందు వరసల్లో పెద్దవాళ్ళు, వెనక పిల్లలు. పెదనాన్న పక్క వరసలో కూర్చున్నారు. ఆయన తెలిసినవాళ్ళు ఆ హాల్లో సగం మంది ఉన్నారు. “ఏం శెట్టిగారూ, మీ శిష్యురాలా?” అని ఒకాయన అడిగితే ఈయన మీసం దువ్వుకున్నారు. నేను తడబడకుండా మాట్లాడాను. చెప్పమన్న చోట గొంతు పెంచాను. చప్పట్లు కొట్టారు కూడా.

అప్పుడు జడ్జీగా వచ్చిన ముసలి లెక్చరరు గారు కళ్ళద్దాలు తీసి తుడుచుకుంటూ మెల్లగా అడిగారు. “అంతా బాగా చెప్పావమ్మా. మన మొదటి ఉపగ్రహాన్ని ఎవరు వదిలారు?”

“మనమేనండి. శ్రీహరికోట నుంచి.”

“కాదు తల్లీ. చేసింది మనవాళ్ళు. వదిలింది రష్యావాళ్ళు, వాళ్ళ రాకెట్టు మీద, వాళ్ళ దేశంలో. మన సొంత రాకెట్టు ఆ తరవాత వచ్చింది. అది కూడా మొదటిసారి సముద్రంలో పడింది. నీకు ఎవరు చెప్పారిలా?”

నాకు భయం వెయ్యలేదు. పెదనాన్న చెప్పారంటే లెక్చరరు గారే పొరబడి ఉంటారనుకున్నాను. వేలు పెట్టి చూపించాను. “మా పెదనాన్న చెప్పారండి. అదిగో, అక్కడ కూర్చున్నారు.”

హాలంతా ఆయన వైపు తిరిగింది. ఆయన సగం లేచారు. ఇప్పుడు గట్టిగా చెబుతారు చూడు అనుకున్నాను.

“అబ్బే, నేనెందుకు చెప్తానండీ! చిన్నపిల్ల కదా, ఎక్కడో తప్పు చదివినట్టుంది,” అన్నారు. నవ్వారు. ఆ నవ్వుకి హాలంతా నవ్వింది.

నోటుబుక్కు నా చేతిలోనే ఉంది. ఆ పేజీ తీసి లెక్చరరు గారికి ఇస్తే సరిపోయేది. ఎందుకో ఇవ్వలేకపోయాను. ఆయన నన్ను నిలబెట్టినట్టు నేను ఆయన్ని పదిమందిలో నిలబెట్టలేకపోయాను. మూసి, చంకలో పెట్టుకుని స్టేజీ దిగాను. మొదటి బహుమతి వేరే అమ్మాయికి వచ్చింది, రెండోది కూడా నాకు రాలేదు.

బస్టాండులో సోడా కొనిచ్చారు. తాగలేదు. బస్సులో కిటికీ పక్క సీటు నాకే ఇచ్చి, చిల్లకల్లు వచ్చేదాకా అసలు కథంతా చెప్పుకొచ్చారు. మనవాళ్ళది మొదట సముద్రంలో పడ్డాక, మరుసటి ఏడాది మళ్ళీ వదిలితే ఎలా ఎక్కిందో, ఆ వేళ రేడియోలో విని తను వీధిలో ఎలా గంతులేశారో, అంతా. ఎంత బాగా చెప్పారనుకున్నారు! నేను స్టేజీ మీద చెప్పాల్సింది అదీ. పడింది అని చెప్పుంటే ఎక్కింది అన్నప్పుడు ఎంత బాగుండేది!

“మరి నాకెందుకు అట్లా చెప్పావు?” అన్నాను. ఆయన్ని ఏకవచనంలో అనడం అదే మొదలు.

“మనది పడిందంటే వినేవాళ్ళకేం బాగుంటదే? అయినా నేను మనది వదిలారనే అన్నా కదా, మనం వదిలామన్నానా?” అన్నారు. నేను నోటుబుక్కు తెరిచి ఒళ్ళో పెట్టాను. తన రాత చూసుకుని పుస్తకం మూశారు. తరవాత గొంతు తగ్గించి, “అక్కడున్నోళ్ళంతా మన షాపుకొచ్చేవాళ్ళమ్మా. వాళ్ళ ముందు నా పేరు పోదూ?” అన్నారు.

“మరి నా పేరు?”

ఆయన నా మీదుగా కిటికీలోంచి బయటికి చూసి, “జగ్గయ్యపేట వచ్చేసింది, దిగమ్మా,” అన్నారు.

అబద్ధం చెప్పినందుకు నాకు అంత బాధ లేదు. ఇంటి బిడ్డకి దేశం గురించి గొప్పగా చెప్పాలనుకున్నారు, పోనీలెమ్మని ఆ రాత్రికే సరిపెట్టుకున్నాను. తగలబడిన రాకెట్టును తగలబడిందని, మునిగినదాన్ని మునిగిందని చెప్పుకోవడానికి అంతంత దేశాలకి నామోషీ లేకపోయింది. మా పెదనాన్నకి ఒక చిన్న హాల్లో, తను తయారుచేసిన పిల్ల ముందు ఆ నామోషీ వచ్చింది. అది మాత్రం మింగుడుపడలేదు. ఆ తరవాత షాపుకి వెళ్ళడం తగ్గించాను. ఆయన పిలవలేదు, నేను అడగలేదు. సముద్రాన్ని పెళ్ళయ్యాక చూశాను, అనుకున్నంత పెద్దగా అనిపించలేదు. ఆయన పోయిన రోజు అందరికన్నా ఎక్కువ ఏడ్చింది నేనేనట. ప్రేమ ఎక్కడికీ పోలేదు మరి. కోపమూ పోలేదు.

ఇప్పుడు నా తల సగం నెరిసింది. నందిగామలోనే ఫిజిక్సు చెబుతున్నాను. భూమి తిరిగే వేగం కలిసొస్తుందని ఏ దేశమైనా రాకెట్టును తూర్పు వైపే వదులుతుందని ఒకసారి క్లాసులో చెప్పాను. మా పిల్లల్లో ఒకమ్మాయి విజయవాడ క్విజ్‌లో అదే చెప్పింది. తప్పన్నారు. ఇజ్రాయెల్ పడమర వైపు, సముద్రం మీదుగా వదులుతుందట. తూర్పున పొరుగు దేశాలున్నాయి కదా. నాకు తట్టనే లేదు. ఆ పిల్ల మొహం ఎర్రబడింది. నా వైపు చూడలేదు, పాపం, నేను పక్కనే ఉన్నా నా పేరు ఎత్తలేదు.

నేను లేచి నిలబడి, “తప్పు ఆ పిల్లది కాదండి, నేనే అట్లా చెప్పా,” అన్నాను. కొందరు తిరిగి చూశారు. క్విజ్ మాస్టరు సరే మేడమ్ అని తరవాతి ప్రశ్నకి వెళ్ళిపోయాడు. నేను కూర్చున్నాను. అంతే, ఇంకేం జరగలేదు. నా పేరూ పోలేదు, నా ఉద్యోగమూ పోలేదు. ఆ మాట అనడానికి గుక్కెడు ఊపిరి కూడా పట్టలేదు. ఇంత తేలికని ఆ రోజే నాకు మొదటిసారి తెలిసింది. తెలిసినప్పటి నుంచి మా పెదనాన్న మీద కోపం ఇంకాస్త పెరిగింది.