బెల్టుకు తలంటు

నా చిన్నప్పుడు మా ఇంట్లో అందరి ఓపికనూ పరీక్షించింది ఒక గడ్డి బండి. కుర్చీలో కూర్చుని స్టీరింగు తిప్పుతూ పోతే కింద బ్లేడ్లు గడ్డిని కోసుకుంటూ వచ్చే బండి అది. జమ్మలమడుగులో మేముండే మిషన్ కాంపౌండు నుంచి తెల్ల డాక్టరు గారు తమ దేశానికి తిరిగి వెళ్తూ దాన్ని మా నాయనకు అప్పగించి పోయారు. నాయన కాంపౌండులో డ్రైవరు, తోటపని కూడా ఆయనదే. బండి ఎక్కే ముందు ప్రార్థన, దిగాక స్తోత్రం. బండి మాత్రం ఏ ప్రార్థనకూ లొంగని మొండిది. అవసరం లేని రోజున జింకలాగా పరుగెత్తేది, అవసరమైన రోజున మొరాయించేది. నాయన నోట తిట్టు వచ్చేది కాదు కాబట్టి ఆయన తరఫున నేనే దాన్ని మనసులో తిట్టుకునేదాన్ని.

అమ్మ పోయిన ఏడాది సంగతి ఇది. ఎండాకాలంలో అమ్మను సమాధుల తోటలో పెట్టాం. తర్వాత వానలు బాగా పడ్డాయి. మా సీమలో వాన పడితే దేవుణ్ణి స్తుతించాలి గానీ, ఆ ఏడు తోటలో గడ్డి నా భుజాల దాకా లేచింది. గేటు దగ్గర నిలబడి ఎంత చూసినా అమ్మ మట్టిదిబ్బ కనబడేది కాదు. నవంబరు మొదట్లో మాకు సమాధుల పండుగ. ఆ సాయంత్రం ఎవరి వాళ్ల సమాధి దగ్గర వాళ్లు కొవ్వొత్తులు వెలిగించి ప్రార్థన చేసుకుంటారు. గడ్డిలో రక్తపింజరులు తిరుగుతున్నాయి, కోయకపోతే పిల్లలు గేటు బయటే ఉండాలని పాస్టరు అయ్యగారు ఆదివారం ఆరాధనలో చెప్పేశారు. అమ్మ దగ్గర నా చేతితో కొవ్వొత్తి పెట్టిస్తానని నాయన అంతకు ముందే నాకు మాట ఇచ్చి ఉన్నాడు. కూలీలను పిలుద్దామంటే అది వేరుశనగ బుడ్డలు పీకే కాలం, ఊళ్లో ఖాళీగా ఉన్న చేయి లేదు. ఇక గడ్డి బండే దిక్కు.

సరిగ్గా పండుగ ముందు రోజు పొద్దున, బండి షెడ్డు దాటకముందే బెల్టు తెగింది. ఇంజను అరుస్తోంది, చక్రాలు కదలడం లేదు.

కొత్త బెల్టు ఒకటి మా ఇంట్లో మేకుకు వేలాడుతోంది. డాక్టరు గారు పోతూ ఇచ్చింది. అలాంటిది ప్రొద్దుటూరులో కూడా దొరికేది కాదు. ఈ రబ్బరుకు నూనె తగిలితే పాడవుతుందని ఆయన వచ్చీరాని తెలుగులో చెప్పిన మాట పక్కనే ఉన్న నేను కూడా విన్నాను.

నాయన బండి ముందు చక్రాల కింద ఇటుకలు పెట్టి, వెల్లకిలా పడుకుని దాని కిందికి దూరాడు. ముందు బ్లేడ్ల పెట్టెను ఊడదీయాలి. ఆ తర్వాత బెల్టును ఇంజను పుల్లీ నుంచి వెనక గేరు పుల్లీ దాకా, మధ్యలో స్ప్రింగుతో బిగుసుకుని ఉండే చిన్న పుల్లీని చుట్టి తీసుకుపోవాలి. బెల్టు జారిపోకుండా అక్కడక్కడా ఇనుప చువ్వలు ఉంటాయి, బెల్టు వాటికి లోపలి వైపున పోవాలి. ఒకసారి అంతా బిగించాక చూస్తే బెల్టు చువ్వకు బయట ఉంది. విప్పి మళ్లీ ఎక్కిస్తే మెలిక పడింది. స్ప్రింగు లాగుతుంటే స్పానరు జారి వేళ్ల కణుపులు చీరుకుపోయాయి. ఆయన ఆ నెత్తురు చేతితోనే నుదురు తుడుచుకుని, కాసేపు కళ్లు మూసుకుని, మళ్లీ లోపలికి దూరాడు. పైన మబ్బు పట్టింది. నాకు ఏడుపూ కోపమూ కలిసి వస్తున్నాయి.

ఇంతలో మా జేజినాయన. ఆయన నాయనకు నాయన. అమ్మ పోయినప్పటి నుంచి తొండూరు వదిలి మాతోనే ఉంటున్నాడు. ఆయనకు వంట రాదు, నా జడ వేయడమూ రాదు. అయినా ఏదో ఒకటి చేయాలని ఇల్లంతా తిరుగుతూ అన్నిటికీ అడ్డం పడేవాడు. నేను కూరలో ఉప్పు వేసి ఇటు తిరిగితే ఆయన వచ్చి మళ్లీ వేసేవాడు. ఆ రోజు కూడా బండి పక్కన గొంతుకూర్చుని, ఆ స్ప్రింగు పెరికి పారేస్తే పోదా అని ఒకసారి, తొండూరులో తన బావి ఇంజను బెల్టయితే కళ్లు మూసుకుని ఎక్కించేవాణ్ణని ఒకసారి, సలహాలు ఇస్తూనే ఉన్నాడు.

మధ్యాహ్నం దాటాక బెల్టు సరిగ్గా కూర్చుంది. నాయన చేతితో పుల్లీ తిప్పి చూసి, స్తోత్రం చెప్పి, అన్నం తినడానికి లోపలికి వచ్చాడు. తిని పోయి బండి స్టార్టు చేశాడు. కుక్క మూలిగినట్టు ఒక చప్పుడు, సన్నగా పొగ, మాడిన రబ్బరు వాసన. బండి అంగుళం కదల్లేదు. నాయన ఇంజను ఆపి, వంగి, బెల్టును వేలితో తడిమి, వేలు ముక్కు దగ్గర పెట్టుకున్నాడు.

ఆముదం.

వసారాలో జేజినాయన ముంత పట్టుకుని నిలబడి ఉన్నాడు. ఆయన ఇంజనుకు ఉండేది తోలు బెల్టు. తోలు ఎండి పగలకుండా దానికి ఆముదం పట్టించడం ఆయనకు జీవితాంతం అలవాటు. మేం అన్నం తింటున్నంత సేపూ ఆయన కింద పడుకుని, చేయి దూరిన చోటల్లా ఓపికగా నూనె పూశాడు.

"కొత్త బెల్టు గదబ్బీ, బిరుసుగా ఉండె. శానా మంచి ఆముదం, మన తొండూరుదే" అన్నాడు, మెప్పు కోసం చూస్తూ.

నాకు ఒళ్లు మండిపోయింది. నూనె తగలకూడదని డాక్టరు గారు చెప్పి పోయారని అరవబోయాను. నాయన నా వైపు ఒక్క చూపు చూశాడు. ఆయన మెడ మీద నరం కొట్టుకోవడం నాకు కనబడుతోంది. పొద్దుటి నుంచి పడిన పాటంతా ముంతెడు ఆముదం పాలయింది. అయినా ఆయన బండి చక్రం మీద చేయి వేసి కాసేపు నిలబడ్డాడు. ప్రార్థన చేశాడో, కోపం మింగాడో నేను అడగలేదు. తర్వాత ఆయన గొంతు మామూలుగానే వచ్చింది.

"మంచిదే నాయనా. నూనె పెట్టినాక తల పోయాల గదా. అమ్మీ, సీకాయ యాడుందో చూడు పో."

జేజినాయన కాసేపు ఆలోచించాడు. ఆయనకు ఇది న్యాయంగానే తోచింది.

"సాంబ్రాణి గూడా పట్టాల్నా ఏంది దీనికి?" అన్నాడు.

"పొగ అదే పట్టుకునింది లే" అన్నాడు నాయన.

మళ్లీ ఇటుకలు, మళ్లీ బ్లేడ్ల పెట్టె, మళ్లీ ఆ స్ప్రింగు. ఈసారి విప్పిన ప్రతి బోల్టునూ జేజినాయన చేతిలో పెట్టాడు నాయన. ఆయన వాటిని పంచె కొంగులో మూట కట్టుకుని, పెళ్లి నగలకు కాపలా ఉన్నట్టు కూర్చున్నాడు. నేను తొట్టి దగ్గర బెల్టుకు సీకాయ పట్టించి, లోపలి గాడి దాకా రుద్ది, నీళ్లు పోశాను. నాయన పుల్లీలను పొడి బూడిదతో తోమాడు. అమ్మ నాకు తల తుడిచే తువ్వాలుతోనే బెల్టును తుడిచి దండెం మీద వేశాం. మబ్బు ఎలాగో వాన కురవకుండానే పోయింది. అది మాత్రం దేవుని కృపే.

మరునాడు తెల్లవారగానే బెల్టు ఎక్కించారు. ఎత్తు వచ్చిన చోటల్లా అది కీచుమని సణిగింది గానీ బండి నడిచింది. నాయన వరుసల మధ్య తోలుతూ పోయాడు, బండి దూరని చోట కొడవలితో కోశాడు. సాయంత్రానికి అమ్మ మట్టిదిబ్బ బయటపడింది, వానకు కాస్త కుంగి, నేను అనుకున్న దానికంటే చిన్నగా. నా చేతితో కొవ్వొత్తి పెట్టాను. గాలికి ఆరిపోతుంటే జేజినాయన తన పంచె అడ్డం పట్టి, నా ప్రార్థన ముగిసే దాకా వంగిన నడుము ఎత్తకుండా నిలబడ్డాడు.

కథ అక్కడితో ముగిసి ఉంటే బాగుండేది. ఆరాధన అయ్యాక జేజినాయన సంఘంలో కనబడిన ప్రతివాళ్లకూ తన ఆముదం వల్లే బండి నడిచిందని చెప్పుకున్నాడు. నాయన పక్కనే నిలబడి తల ఊపాడు. నేను పళ్లు కొరుక్కున్నాను. అంతేనా, మరుసటి ఏడు పండుగ దగ్గర పడగానే మళ్లీ ముంతతో తయారు. ఆయన పూయడం, నాయన విప్పడం, నేను సీకాయ పెట్టడం. ఆయన బతికినన్నాళ్లూ ఏటా ఇదే తంతు. ముంతను దాచేద్దామని నేను ఒకసారి అంటే నాయన ఒప్పుకోలేదు.

"బెల్టు కడిగితే పోతాది అమ్మీ. జేజినాయన్ను ఒక మాట అంటే దాన్ని యాడ కడుగుతావు?" అన్నాడు.

జేజినాయన పోయిన ఏడు కూడా పండుగ వచ్చింది. బెల్టు శుభ్రంగానే ఉంది. నాయన గూట్లోంచి ఆముదం ముంత తీసి, వేలి కొసకు కాస్త అంటించుకుని బెల్టు మీద రాశాడు. తర్వాత నా వైపు చూడకుండానే సీకాయ తెమ్మన్నాడు.

నాయన ఓపిక నాకు రాలేదు. నేను తొందరగా మండిపడే మనిషినని మా స్త్రీల సమాజంలో అందరికీ తెలుసు. మొన్న ఒకావిడ, ఆరాధనలో రొట్టె, ద్రాక్షరసం పెట్టే ప్రభువు బల్ల మీద పరిచే తెల్లగుడ్డను ఇంకా తెల్లగా చేద్దామని నీలిమందులో ముంచి, ఆకాశం రంగు చేసి తెచ్చింది. ఆరాధన ఇంకాసేపట్లో ఉంది. మాట నా నాలుక చివరి దాకా వచ్చింది. ఆమె కూడా మెప్పు కోసమే చూస్తోంది. నేను బండి చక్రం కోసం వెతికినట్టు పక్కనున్న బల్ల మీద చేయి వేసి కాసేపు నిలబడి, నీలిమందు పెట్టినాక నిమ్మకాయ నీళ్లలో జాడించాల గదమ్మా, పద అన్నాను. ఇద్దరం కొళాయి దగ్గరికి పోయాం. గుడ్డ పూర్తిగా తెల్లబడలేదు. ఆ ఆదివారం ప్రభువు బల్ల లేత నీలం రంగులోనే ఉంది.