నేను పంపని పేజీ

ఐదేళ్ళుగా ఒక కాగితాన్ని నా డెస్క్ కింది సొరుగులో దాచుకున్నాను. మధ్యలో ఇల్లు మారాం. కాగితం మాతోపాటే వచ్చింది. తూస్తే దానికి బరువేమీ ఉండదు. కానీ ఎవరైనా నన్ను మంచివాడు అన్నప్పుడల్లా నా చూపు నేల మీదికి పోతుంది. ఇవాళ చెప్పేస్తాను. మీరెవరో నాకు తెలియదు, నేనెవరో మీకు తెలియనక్కర్లేదు. చివరిదాకా చదివితే చాలు.

టెక్సస్‌లోని కాపెల్‌లో మా అమ్మాయి ఆడే సాకర్ టీమ్‌కి రెంజో అనే కోచ్ ఉండేవారు. ఇటలీ ఆయన. అక్కడ రెండో డివిజన్‌లో పదకొండేళ్ళు డిఫెండర్‌గా ఆడి, మోకాలు పాడై కోచింగ్‌లోకి దిగి, చివరికి మా ఊరి ఎండలో పన్నెండేళ్ళ ఆడపిల్లలకు ఆట నేర్పడానికి వచ్చారు. నేను టీమ్ మేనేజర్‌ని. అంటే జీతం లేని గుమాస్తాని. ప్లేయర్ కార్డులు చూసుకోవడం, టోర్నమెంట్‌లకి హోటళ్ళు బుక్ చేయడం, ఈ వారం హాఫ్‌టైమ్‌లో పిల్లలకు ఆరెంజ్ ముక్కలు తేవడం ఎవరి వంతో గుర్తుచేయడం నా పని.

మా అమ్మాయిని ఆయన డిఫెన్స్‌లో పెట్టారు. మొదట్లో నాకది నచ్చలేదు. గోల్ కొట్టే పిల్లకే కదా ఫోటోలు! ఆయన మాత్రం మా పిల్లకి ఒకటే చెప్పేవారు: బంతి మీద పడిపోకు, నిలబడు, తొందర వాళ్ళని పడనీ. ఆరు నెలల్లో మా పిల్ల క్లాసులో లేచి మాట్లాడడం మొదలుపెట్టింది. అంతకుముందు ఎవరైనా పేరడిగితే వాళ్ళమ్మ వెనక్కి పోయేది. ఆ మార్పు ఆయన పుణ్యమే.

ఆ ఏడాది ఆయన గ్రీన్ కార్డ్‌కి అప్లై చేశారు. తమ రంగంలో అసాధారణ ప్రతిభ ఉన్నవాళ్ళకిచ్చే కేటగిరీ. ఇమ్మిగ్రేషన్ వాళ్ళు ఇంకా ఆధారాలు కావాలన్నారు. స్ట్రైకర్‌కైతే గోల్స్ లెక్క ఉంటుంది. డిఫెండర్‌కి ఏముంటుంది? ఆపిన గోల్స్‌ని ఏ పేపరూ అచ్చువేయదు. పదకొండేళ్ళలో ఆయన కొట్టినవి నాలుగు. లాయర్ తల పట్టుకున్నాడట. వీసా గొడవల్లో నాకు తెలియనిది లేదని మావాళ్ళలో పేరు కాబట్టి, రెంజో తన పాత కాగితాలన్నీ ఒక షూ డబ్బాలో వేసి, ప్రాక్టీస్ అయ్యాక పార్కింగ్ లాట్‌లో నా చేతికిచ్చారు. స్కాన్ చేసి, ఏళ్ళ వరసలో పెట్టి లాయర్‌కి పంపమన్నారు.

"ఇది అప్రూవ్ అయితే ఒక్క ఏడాదిలో కార్డ్ వచ్చేస్తుందట," అన్నారు సంతోషంగా. "మరి నీది ఎన్నాళ్ళయింది?"

"పన్నెండేళ్ళు. ఇంకా క్యూలోనే ఉన్నాను."

జోక్ అనుకుని నవ్వారు. నా మొహం చూసి ఆపేశారు. "పన్నెండా? నా కెరీర్ మొత్తం కలిపినా పదకొండే!"

భుజం మీద చెయ్యి వేశారు. వెటకారం కాదు, నిజంగానే బాధపడ్డారు. నాకు ఒళ్ళు మండిపోయింది. జాలి పడ్డందుకు ఇంకా ఎక్కువ మండింది. ఈ క్యూ పుట్టిన దేశాన్ని బట్టి నడుస్తుంది. ఆయన ఇటలీలో పుట్టారు, నేను ఖమ్మంలో పుట్టాను. తేడా అంతే కదా!

శనివారం మధ్యాహ్నం స్కానర్ ముందు కూర్చున్నాను. డబ్బాలో కాంట్రాక్టులు, టీమ్ ఫోటోలు, ఒక చిన్న గాజు కప్పు, ఆ కప్పుకి చుట్టిన పాత న్యూస్‌పేపర్ పేజీ. పేజీ విప్పాను. మైదానం బొమ్మ మీద పదకొండు పేర్లు. వెనక వరసలో ఆయన పేరు. ఫోన్‌లో ట్రాన్స్‌లేట్ చేసి చూశాను. ఆ సీజన్‌లో డివిజన్ మొత్తం నుంచి విలేకరులు ఏరిన అత్యుత్తమ జట్టు అది. ఆయనకి ఆ పేజీ సంగతే గుర్తులేదు, కప్పు పగలకుండా చుట్టారంతే. నాకు మాత్రం చూడగానే అర్థమైంది. ఇమ్మిగ్రేషన్ వాళ్ళు అడిగింది సరిగ్గా ఇదే. ఏళ్ళ తరబడి ఆన్‌లైన్‌లో వీసా ఫోరమ్‌లు చదివిన నాకు తెలియకపోతే ఇంకెవరికి తెలుస్తుంది?

మిగతావన్నీ స్కాన్ చేశాను. అదొక్కటి చేయలేదు. మడిచి సొరుగులో పెట్టాను. కప్పుని పేపర్ టవల్‌లో చుట్టి డబ్బా తిరిగిచ్చేశాను. "అన్నీ పంపాను" అని మెసేజ్ పెట్టాను.

నాకేం ఒరిగింది? ఆయన వెళ్ళిపోతే నా వంతు ఒక్క రోజు కూడా ముందుకు జరగదు. ఆయన లైన్ వేరు, నా లైన్ వేరు. అదీ నాకు తెలుసు. మరి ఎందుకు చేశాను? పగా? మా ఇంటికొచ్చి పప్పుచారు రెండుసార్లు పోయించుకుని తిన్న మనిషి మీద నాకేం పగ? ఇన్నేళ్ళు నన్ను నేను తవ్వుకుంటే దొరికింది ఇది: ఎవరి మీద చూపించాలో తెలియని కోపం పన్నెండేళ్ళుగా లోపల ఉంది, చూపించడానికి ఒక మనిషి దొరికాడు, అతను నన్ను నమ్మాడు కాబట్టే దొరికాడు. రాస్తుంటే సిగ్గుగా ఉంది. అయినా రాస్తాను.

అప్లికేషన్ రిజెక్ట్ అయింది. ఉన్న వీసా గడువు కూడా అయిపోవడంతో రెండు నెలల్లో ఆయన వెళ్ళిపోయారు. కొత్త కోచ్ గీత బయట నిలబడి అరిచేవాడు. మా అమ్మాయి ఒక సీజన్ ఓర్చుకుని ఆట మానేసింది.

ఆ పేజీ పంపి ఉంటే కార్డ్ వచ్చేదా? ఏమో. ఒక్క కాగితంతో కేసు గెలవకపోవచ్చు. ఈ 'ఏమో' చాటున ఐదేళ్ళు దాక్కున్నాను. ఇక దాక్కోను. తేల్చాల్సింది ఆఫీసర్. ఆ ఆఫీసర్ కంటికి అది కనపడకుండా చేసింది నేను.

ఈ వసంతంలో నా కార్డ్ వచ్చింది. అమ్మాయి ఆ సంగతి రెంజోకి మెసేజ్ పెట్టింది. ఇప్పుడాయన తన ఊళ్ళో చిన్నపిల్లలకు ఆట నేర్పుతున్నారు. వెంటనే జవాబిచ్చారు. "నాకు తెలిసిన డిఫెండర్లందరిలో మీ నాన్నే గొప్పవాడు. ఎన్నేళ్ళు నిలబడ్డాడో చూడు!" అని. అమ్మాయి మురిసిపోతూ అది నాకు చదివి వినిపించింది.

మర్నాడు పొద్దున తనని కూర్చోబెట్టి, కాగితం చేతికిచ్చి, మొత్తం చెప్పాను. పదిహేడేళ్ళ పిల్ల. అరుస్తుందనుకున్నాను.

"కోచ్‌కి చెప్పావా?" అంది.

"లేదు."

"మరి నాకు ఫస్ట్ ఎందుకు చెప్తున్నావ్ నాన్నా? నేను ఇట్స్ ఓకే అంటాననా?"

కారు తాళాలు తీసుకుని వెళ్ళిపోయింది. నిజమే. అందుకే ముందు దానికి చెప్పాను.

ఆ పూటే మెయిల్ రాయడానికి కూర్చున్నాను. మొదటి డ్రాఫ్ట్ నిండా నా క్యూ, నా పన్నెండేళ్ళు, నా కష్టాలు. అంతా తీసేశాను. ఈ పేజీ మీ డబ్బాలో దొరికింది, దీని విలువ నాకు తెలుసు, తెలిసే దాచాను, మరిచిపోవడం కాదు. ఇంతే మిగిలింది. పేజీ స్కాన్ జత చేసి పంపాను. క్షమించమని అడగలేదు. ఇంతా చేసి ఆ పని కూడా ఆయనకే పెట్టడం ఎందుకు?

నాలుగు రోజులకి జవాబొచ్చింది. ఒకే ఒక్క ప్రశ్న. "పాపకి తెలుసా?"

తెలుసు, నేనే చెప్పాను అని రాశాను. తరువాత ఆయన ఏమీ రాయలేదు. అమ్మాయి నాతో అవసరానికి మించి మాట్లాడడం లేదు. మాట్లాడమని నేను అడగడం లేదు.

మొన్న ఒక బర్త్‌డే పార్టీలో, పాత టీమ్‌లో పిల్ల ఉన్న తండ్రి ఒకాయన బిర్యానీ ప్లేట్ పట్టుకుని నా పక్కకొచ్చాడు. "రెంజో ఉండుంటే మన పిల్లలు ఈపాటికి కాలేజ్ టీమ్స్‌కి సెలెక్ట్ అయ్యుండేవాళ్ళన్నా. ఆ లాయర్ గాడే కేస్ మొత్తం పాడు చేశాడు," అన్నాడు. ఐదేళ్ళుగా మా పార్టీల్లో నడుస్తున్న మాటే ఇది. ప్రతిసారీ నేనూ తలూపాను.

"లాయర్ తప్పేం లేదు," అన్నాను. "నేనే చేశాను."

మా ఆవిడ నా వైపు చూసింది. ఏం చేశావన్నా అని అతనడిగాడు. గొంతు తగ్గించకుండా, మొదటి నుంచి చివరిదాకా చెప్పాను.