రఫాయెల్ అన్నయ్యను కూర్చోబెట్టిన రోజు

నిన్న పొద్దున రఫాయెల్ అన్నయ్య వాళ్ళమ్మాయి ఫోన్ చేసింది. "నాన్న ఇక లేరు ఆంటీ."

పక్క గదిలో ఉన్న మా వారి దగ్గరికి వెళ్ళి చెప్పాను.

ఎనభైల మొదట్లో లాస్ ఏంజెలెస్‌లో రఫాయెల్ అన్నయ్యది మా ఎదురు అపార్ట్‌మెంట్. మెక్సికో సినిమాల్లో పేరున్న నటుడు. ఇక్కడ మాత్రం మాటల్లేని చిన్న వేషాలే దొరికేవి. ఇల్లు గడవడానికి పెళ్ళిళ్ళకి ఫోటోలు, వీడియోలు తీసేవారు.

నేను అప్పుడే కాపురానికి వచ్చాను. చదివింది ఐదో క్లాసు. ఇంగ్లీష్ రాదు. ఆయన కనిపిస్తే తల దించుకుని లోపలికి వెళ్ళిపోయేదాన్ని.

ఒకరోజు ఆయనకి ఆడిషన్. మొదటిసారి డైలాగులున్న వేషం. ఆయన కారు పాడైందని, మా వారు తన కారు వదిలి ఫ్రెండ్‌తో ఆఫీస్‌కి వెళ్ళారు.

ఆయన సూట్ వేసుకుని తాళాల కోసం వచ్చారు. తీసుకుని తిరిగారో లేదో, నేను తుమ్మాను.

ఒక్క తుమ్మే.

మా ఇంట్లో అలా జరిగితే కాసేపు కూర్చుని, మంచినీళ్ళు తాగి బయల్దేరాలి. ఆయనకి ఏమవుతుందోనని నాకు భయం.

"కూర్చోండి అన్నయ్యగారూ," అన్నాను తెలుగులోనే, కుర్చీ చూపించి.

ఆయన వాచీ చూసుకున్నారు. కూర్చున్నారు.

ఉత్త నీళ్ళేం ఇస్తామని ఉప్మా కూడా పెట్టాను. మొత్తం తిన్నారు.

ఫ్రీవే మీద ట్రాఫిక్ దాటి ఆయన చేరేసరికి ఆ వేషం ఇంకొకరికి వెళ్ళిపోయింది.

సాయంత్రం మా వారు ఒకటే నవ్వు. "నువ్వు తుమ్మావు, హాలీవుడ్ ఆగిపోయింది. పైగా ఉప్మా కూడానా?"

"టైమ్ లేదని ఆయన చెప్పొచ్చుగా?"

"నేనూ అదే అడిగాను. 'మీ ఆవిడ ఇన్నాళ్ళకి నాతో ఒక మాట మాట్లాడింది, ఎలా లేచి వెళ్ళను' అన్నాడు."

నాకు నవ్వు రాలేదు.

తర్వాత ఆయన ఆడిషన్లు తగ్గించారు. మెల్లగా మానేశారు. కెమెరానే ఆయన పని అయింది. అది నీ వల్ల కాదని మా వారు ఎన్నిసార్లు చెప్పినా నాకు నమ్మకం కుదరలేదు.

అన్నయ్య మాత్రం ఒక్క మాట అనలేదు. మా పిల్లల అన్నప్రాసనలు, పుట్టినరోజులు అన్నీ ఆయనే తీశారు. నాకు ఇంగ్లీష్ వచ్చాక కూడా సారీ చెప్పడానికి నోరు రాలేదు.

ఈ పోస్ట్‌లో పెడదామని పొద్దుటి నుంచి ఆయన ఫోటో వెతికాను.

అన్నీ ఆయన తీసినవే. వాటిలో మేమే ఉన్నాం.

అంత అందమైన మనిషి. ఆ కెమెరా ఒకసారి ఇటివ్వండి అన్నయ్యా, అని నేను ఎప్పుడూ అడగలేదు.

సెలవు అన్నయ్యా. మీరున్న చోట మీ మనసు చల్లగా ఉండాలి.