వన్స్ మోర్ వద్దన్న మనిషి

పద్యనాటకం చూసినవాళ్లకు చెప్పనక్కర్లేదు. రాగం బాగా కుదిరిందంటే జనం "వన్స్ మోర్" అని అరుస్తారు, నటుడు ఆ పద్యం మళ్లీ అందుకోవాల్సిందే. యుద్ధంలో చచ్చిపడ్డ రాజు కూడా లేచి, ఇంకోసారి పాడి, ఇంకోసారి చస్తాడు. మా తెనాలి వైపు అదొక మర్యాద. ఆ కేకల మధ్యే నేను హార్మోనియం నేర్చుకున్నాను. అబుదాబి వచ్చాక ముసఫ్ఫాలో ఏసీలు బాగుచేసే పని, సెలవునాడు హార్మోనియం. ఆ కేకంటేనే మా మాస్టారికి ఒళ్లుమంట.

మాస్టారంటే బడిపంతులు కాదు, మా నాటకాల దర్శకుడు. నెల్లూరు మనిషి, పగలు ఒక కంపెనీలో సేఫ్టీ ఆఫీసరు. కిరీటాలు పీకేసి రాజుకు సైటు హెల్మెట్ పెట్టాడు. తెర తీసేశాడు. పద్యాలు తనే రాశాడు, అన్నీ లేబర్ క్యాంపు బతుకుల మీద. రాజు వేషం జగిత్యాల నుంచి వచ్చిన తాపీమేస్త్రీకి ఇచ్చాడు. "ఇదేం పైత్యం మాస్టారూ" అని నేనే ఎన్నిసార్లు గొడవపడ్డానో! "గమ్మున వాయించు అబ్బయా" అనేవాడు.

2020 మొదట్లో, ఇంకా ఎవరూ మాస్కులు పెట్టుకోకముందు, ఒక స్కూలు ఆడిటోరియంలో ఆ నాటకం వేశాం. రాజు చచ్చిపోతూ పాడే పద్యానికి హాలు ఊగిపోయింది. ముందు వరసలో కూర్చున్న, మాకు నాటకాలు పెట్టించే తెలుగు సంఘం పెద్దలే "వన్స్ మోర్" అందుకున్నారు. పాపం, మేస్త్రీ సంబరంగా లేవబోయాడు. మాస్టారు మామూలు చొక్కాతోనే స్టేజీ మీదికి వచ్చి, అతని భుజం నొక్కి పడుకోబెట్టి, జనం వైపు తిరిగాడు.

"చచ్చినోడు యాడన్నా లేస్తాడా? కూర్చోండయ్యా."

అంతే. పెద్దలకు తల కొట్టేసినట్టయింది. కరోనా వచ్చి పోయింది, స్టేజీలు మళ్లీ తెరిచారు, మాస్టారిని మాత్రం ఎవరూ పిలవలేదు. ఉగాది దగ్గరపడితే ఊరికూరికే ఫోను చూసుకునేవాడు. పైకి మాత్రం "వాళ్లెవరు నన్ను పిలిచేదానికి?" అనేవాడు. మహమ్మద్ బిన్ జాయెద్ సిటీలో ఆయన ఇంటి హాల్లోనే సోఫాలు గోడకు జరిపి నాటకం ఆడేవాళ్లం. చూసేవాళ్లు ఓ పదిమంది, వాళ్లూ మావాళ్లే. పద్యం అయ్యాక చప్పట్లు కూడా కొట్టనిచ్చేవాడు కాదు. ఊపిరి బిగబట్టి కూర్చోవడం మాకు అలవాటు చేశాడు.

పోయిన ఏడాది ఆయన గొంతు బొంగురుపోయింది. జలుబన్నాడు. మేం ముదీర్ అనే కంపెనీ మేనేజరు బలవంతం మీద ఆసుపత్రికి వెళితే గొంతులో గడ్డ అని తేలింది. ఆపరేషన్ చేస్తే ప్రాణం నిలుస్తుంది, మాట నిలవదు అన్నారు. వీసా క్యాన్సిల్ చేయించుకుని నెల్లూరు ప్రయాణం కట్టాడు.

వెళ్లేముందు ఆదివారం మధ్యాహ్నం అందరం ఆ హాల్లో చేరాం. అప్పటికే సగం సామాను అట్టపెట్టెల్లోకి వెళ్లింది. మేస్త్రీ హెల్మెట్ అందుకోబోతే మాస్టారు ఆపాడు.

"ఈ పొద్దు నేను పాడతా. శ్రుతి ఇయ్యి అబ్బయా."

అన్నేళ్లలో ఆయన పాడగా మేమెవరం వినలేదు. బొంగురు గొంతే, పై స్థాయి అందనే లేదు. అయినా రాజు చనిపోయే పద్యం అంత నిండుగా ఎవరూ పాడి ఎరగరు. రాగం ఆగింది. ఆయన నేర్పినట్టే కిక్కురుమనకుండా కూర్చున్నాం. మేమిచ్చే గౌరవం అదేననుకున్నాం.

ఆయన ఒక్కొక్కరి ముఖమూ చూశాడు. చాలాసేపు చూశాడు.

"ఒక్కడన్నా అడగలేదేందిరా?"

మేస్త్రీ దిగ్గున లేచి "వన్స్ మోర్! మల్లొక్కసారి పాడుండ్రి సార్!" అని అరిచాడు. మేమంతా అరిచాం, వంటింట్లోంచి ఆయన భార్య కూడా. మాస్టారు నవ్వుకుంటూ సర్దుకుని కూర్చున్నాడు. నేను శ్రుతి ఇచ్చాను. ఆయన నోరు తెరిచాడు. గాలి తప్ప ఏమీ రాలేదు. మళ్లీ తెరిచాడు.

ఆయన భార్య వచ్చి నా చేతి మీద చెయ్యి వేసేదాకా నేను ఆ శ్రుతి ఆపలేదు.