రెండో పేజీ

ఏడో తరగతితో బడి మానేసినా, కోరుట్ల గ్రంథాలయంలో పుస్తకాలూ పేపర్లూ చదివి నాలుగు విషయాలు తెలుసుకున్నవాణ్ణి నేను. సిరిసిల్లలో మరమగ్గాలు పెట్టిన మా బామ్మర్ది బ్యాంకు అప్పుకు నా ఇల్లు హామీ పెట్టాను. కిస్తులు ఆగిపోయి, ఇల్లు స్వాధీనం చేసుకుంటామని నోటీసు వచ్చింది. హైకోర్టుకు వెళ్లవచ్చని వాడికి చెప్పింది నేనే.

కేసు తనే చూసుకున్నాడు. కొన్నాళ్లకు స్టే ఆర్డరును లామినేషన్ చేయించి తెచ్చాడు.

"గిది తలుపుకు కొట్టు బావా. ఎవడచ్చి తాళమేస్తడో సూద్దాం" అన్నాడు.

కొట్టాను. వాడకట్టులో అందరికీ గొప్పగా చదివి వినిపించాను కూడా.

పోయిన వేసవిలో బ్యాంకు వాళ్లు పోలీసులతో వచ్చారు. నేను ధీమాగా కాగితం చూపించాను.

"దీనికి రెండో పేజీ ఉంటది పెద్దమనిషీ" అంటూ ఆఫీసరు తన ఫైలు తెరిచాడు. ఆరు వారాల్లో సగం బాకీ కడితేనే స్టే ఉంటుందని, లేకపోతే రద్దవుతుందని అందులో ఉంది. ఆ గడువు ఎప్పుడో దాటిపోయింది.

వాడకట్టంతా చూస్తుండగా సామాను బయట పెట్టుకున్నాం. నా భార్య తన తమ్ముడికి ఫోన్ చేసి స్పీకర్ పెట్టింది.

"రెండో కాగితం ఎందుకియ్యలేదురా?"

"ఇస్తే బావ సదువుతడు గదనే అక్కా!"

అప్పు కట్టలేకపోయానని వాడు చెప్తే అర్థం చేసుకునేవాణ్ణి. నాకు చదువు వచ్చని తెలిసే దాచాడన్నది మాత్రం ఇప్పటికీ మింగుడు పడదు.