మూతక్క చెవుల పరీక్ష

నాదవిద్యాపీఠంలో పాఠాలు చెప్పేవాళ్ల గురించి చాలామంది రాశారు. నేను రాస్తున్నది అక్కడ కుండలు మోసే మనిషి గురించి.

ఆ పీఠంలో విద్యార్థులు స్వరంతో తాళాలు తెరవడం, పగిలిన అద్దం అతికించడం నేర్చుకుంటారు. సరిగ్గా పలికిన స్వరం పని చేసి మాయమైపోతుంది. తప్పు పలికింది మాత్రం పోదు. గదిలోనే తిరుగుతూ గోడలు కొరుకుతుంది. దాన్ని కుండలోకి పట్టి, మూత పెట్టి, లక్కతో బిగించి, వెనకున్న పాత క్వారీలో దించి రావాలి. పద్నాలుగు మంది ఆడవాళ్లది ఇదే పని. వాళ్లలో అందరికంటే గట్టిగా మూత బిగిస్తుందని ఈమెను మూతక్క అంటారు.

చెవిలో దూది పెట్టుకోకూడదని నియమం. కుండ కారితే మోసేవాళ్లకు వినపడాలట. నెత్తిన కుండ, అందులో కీచుమనే స్వరం, బెత్తెడు కింద చెవి. పనిలో చేరిన ఆరేళ్లకు మూతక్క కుడి చెవి పోయింది. తొమ్మిదేళ్లకు ఎడమదీ పోయింది. ఇప్పుడు మూతమీద అరచెయ్యి వేసి, చీమలు పాకినట్టుంటే కారుతోందని తెలుసుకుంటుంది. మనుషుల మాట పెదవులు చూసి పట్టుకుంటుంది.

ఏటా చెవుల పరీక్ష ఉంటుంది. వినపడనివాళ్లకు ఆ రోజుతో పని సరి. గోడవైపు తిరిగి స్టూలుమీద కూర్చోవాలి. వెనక డాక్టరు గంట కొడితే చెయ్యెత్తాలి. పక్క బెంచీమీద కూర్చున్నవాళ్లలో ఒకరు, గంట మోగగానే కాలి బొటనవేలు కదుపుతారు. ఓరకంట అది చూసి స్టూలుమీది మనిషి చెయ్యెత్తుతుంది. పదకొండేళ్లుగా పద్నాలుగు మందీ పాసే. ఒకరి పని ఒకరు నిలబెట్టుకుంటూ వచ్చారు. పీఠం ఆ పాసులు రాసిన రిజిస్టరునే అందరికీ చూపించుకుంటూ వచ్చింది.

ఈ ఏడు దాన్ని, కుండల పని చేయించే మేస్త్రీ మూతక్క కూతురికీ చూపించాడు.

"పదకొండేళ్లలో ఒక్కరి చెవీ పోలేదటమ్మా. సోమవారం నుంచి నేనూ వస్తా" అంది పందొమ్మిదేళ్ల పిల్ల. తల్లి బియ్యం ఏరుతూ తలెత్తలేదు. పిల్ల ఎదురుగా వచ్చి కూర్చుని, గడ్డం పట్టుకుని తల పైకెత్తి, అదంతా మళ్లీ చెప్పింది. "నిన్నే! వినపడనట్టు నటించడంలో నీ తర్వాతే ఎవరైనా."

"వినపడిందిలే. నాకేం, గుండ్రాయిలా ఉన్నా" అనేసింది మూతక్క, అలవాటు కొద్దీ. అనేశాక, బియ్యం సగంలో ఉండగానే చేట పక్కన పెట్టేసింది.

మర్నాడు క్వారీ దగ్గర, తనతోపాటే కుండలు మోసే తోటికోడల్ని ఆపింది. "రేపు పరీక్షలో నాకు వేలు కదపకు."

"పిచ్చి పట్టిందా అక్కా? ఎల్లుండి నుంచి ఏం తింటావు?"

"పిల్ల చేరతానంటోంది."

"వద్దను."

"వద్దంటే నమ్మదు. రిజిస్టరు చూసింది. మనందరం కలిసి రాయించిన రిజిస్టరు. నా పిల్లనొక్కదాన్ని ఆపితే మేస్త్రీ ఇంకొకరి పిల్లను తెస్తాడు."

"నువ్వు బయటపడితే అందరినీ తిరగతోడతారు. పోయిన నా ఎడమ చెవి సంగతేంటి?"

మూతక్క కుండను క్వారీలోకి దించడానికి వంగింది.

తెల్లారి చెవుల పరీక్ష. కొత్తగా చేరేవాళ్లకూ అదే రోజు. కూతురు బెంచీ చివర కూర్చుంది. మూతక్క స్టూలెక్కింది. వద్దన్నా తోటికోడలి వేలు కదిలింది. మూతక్క చూసింది. చేతులు ఒళ్లోనే పెట్టుకుంది. మళ్లీ కదిలింది. మూడోసారి ఆవిడ కాలు మొత్తం ఊపేసరికి చెప్పు ఎగిరి గోడకు తగిలింది.

డాక్టరు ముందుకొచ్చాడు. "ఏమ్మా, నిద్రపోతున్నావా?"

"వినపడదండి. రెండేళ్లయింది."

"పోయినేడు పాసయ్యావుగా?"

"మోసం చేశానండి."

బెంచీమీద పిల్ల ముందుకు వంగింది.

"వయసు వల్ల అని రాసేయండి సార్" అన్నాడు, డాక్టరు పక్కకొచ్చిన మేస్త్రీ. డాక్టరు కలం కదిలింది. మూతక్క ఆ కలాన్నే పట్టుకుంది. "నాకు నలభై రెండండి. మా అమ్మకి డెబ్బై, పక్కింటి గుసగుసలు కూడా వింటుంది. కుండల వల్ల అని రాయండి."

"అలా రాయడానికి ఇందులో గడి లేదమ్మా."

"అయితే గీయండి."

డాక్టరు మేస్త్రీ వైపు చూశాడు. మేస్త్రీ రిజిస్టరు లాక్కుని మూసేశాడు. "రేపట్నుంచి రావొద్దు. ఆ పిల్లను కూర్చోమను."

పిల్ల లేచింది. స్టూలు వెనక నిలబడి "అమ్మా" అంది. తల్లి తిరగలేదు. గట్టిగా పిలిచింది. చివరికి గది దద్దరిల్లేలా అరిచింది. మూతక్క ఎదుటి గోడనే చూస్తూ ఉంది. పిల్ల రెండు చేతులూ తల్లి భుజాలమీద వేసింది.

"నేను చేరను" అంది మేస్త్రీతో.

తోటికోడలు తన చెప్పు ఏరుకుంటూ మూతక్కకు కనపడేలా ముఖం ఎత్తింది. "నీ పిల్ల గట్టెక్కింది. ఇప్పుడు మా గతేంటక్కా?"

అది అడగాల్సింది మూతక్కను కాదు, పీఠాన్ని. అయినా ఆమె బయటికి పోలేదు. కూతుర్ని పక్కకు జరిపి, పోయి తోటికోడలి పక్కనే బెంచీమీద కూర్చుంది.

"లే అక్కడ్నించి" అని మేస్త్రీ అరిచాడు.

ఆమె వినలేదు.