మొదటి చెంచా

మా చిన్నమ్మ ఏది వండినా మొదటి చెంచా ఆమె నోట్లోకే పోయేది. నంద్యాలలో పుట్టి, ఆళ్లగడ్డలో అంగడోళ్లింటికి కోడలుగా పోయింది. ఆ ఇంట్లో మగోళ్లు, చుట్టాలు తిన్నాకనే కోడలు తినాల. వండేటప్పుడు రుచి చూస్తే ఎంగిలంట! మూతులు తుడుచుకుని లేస్తారు గానీ, వండినామె తిన్నదా అని ఒక్కరన్నా అడిగితే ఒట్టు.

ఒక ఎండాకాలం నేను ఆడ ఉన్నప్పుడే చుట్టాలొచ్చినారు. చిన్నమ్మ ఫోన్లో చూసి నేర్చుకున్న సలాడ్ మొదలుపెట్టింది. కలింగర పండు, అదే పుచ్చకాయ, మామిడి పండు ముక్కలు కోసింది. పొద్దున పాలు విరగ్గొట్టి చేసిన పన్నీరు చిదిమి కలిపింది. ఉప్పు, మిరియాల పొడి, పుదీనా వేసి నిమ్మకాయ పిండింది. చెంచా నోటి దగ్గరికి పోయిందో లేదో, గడప కాడ నుంచి వాళ్లత్త అరిచింది.

"ఏందమ్మే, చుట్టాలకు ఎంగిలి పెడతావా?"

"ఒక్కో పండు ఒక్కో తీపి అత్తా. నోట్లో పెట్టుకోకుంటే ఉప్పు ఎట్ల తెలుస్తాది?"

చిన్నమ్మ అత్త మొగంలోకే చూస్తా నమిలింది. ఇంకో చెంచా తీసుకుంది. ఆ తర్వాత ఇంకోటి.

కాసేపటికి చుట్టాల కాడ నుంచి గిన్నె ఖాళీగా తిరిగొచ్చింది. అడుగున ఒక పుదీనా ఆకు అంటుకుని ఉంది. నాకు ఒళ్లు మండింది.

"నీకేం మిగల్చలేదు గదా చిన్నమ్మా!"

ఆమె గిన్నె తోముతా, అత్తకు వినపడేటట్టే చెప్పింది.

"ఈ ఇంట్లో నాకు ఎప్పుడు మిగిలింది పాపా? అందుకే ఉప్పు చూసేది."